పాంపేలో ప్రైవేట్ గైడ్ తో నడక టూర్: ఎలా ప్లాన్ చేస్కోవాలి, లోపల ఏం అడగాలి

పాంపే (ఇటలీలో అగ్నిపర్వతం పూడ్చేసిన రోమన్ కాలం ఊరు) మేము రెండు సార్లు వెళ్ళాం. మొదటిసారి నేనూ మా ఆయనా మాత్రమే, గైడ్ లేడు, జూలై నెల, మిట్టమధ్యాహ్నం, చేతిలో ఒక మ్యాపు. రెండు గంటలు ఎండలో తిరిగి బయటకొచ్చి గేటు ముందు నిమ్మరసం తాగుతూ "ఏం చూశాం ఇంతకీ" అంటే మా ఆయన "గోడలు" అన్నాడు. అంతే మరి, పైకప్పు లేని గోడలు, వాటి మధ్య వీధులు, మళ్ళీ గోడలు.

రెండోసారి అత్తయ్యగారూ మావయ్యగారూ రాజమండ్రి నుంచి మా దగ్గరకి వచ్చినప్పుడు (మేముండేది జర్మనీలో) ప్రైవేట్ గైడ్ ని పెట్టుకుని వెళ్ళాం. అవే గోడలు, అవే వీధులు, కానీ మూడున్నర గంటలు ఎలా గడిచాయో తెలీలేదు. ఆ గైడ్ ఆవిడ మాకు కొత్తగా చూపించిన పెద్ద బిల్డింగులేం లేవు, జనం వాడి వాడి అరగదీసిన చోట్ల దగ్గర ఆపి నిలబెట్టింది, అంతే తేడా. అందుకే ఎవరు అడిగినా నేను చెప్పేది ఒకటే, గైడ్ ని పెట్టుకోండి, పెట్టుకున్నాక మాత్రం "అన్నీ చూపించండి" అనొద్దు, "అరిగిన చోట్లు చూపించండి" అనండి. అది ఎలాగో వరసగా రాస్తాను.

ముందు ఊరి గురించి నాలుగు ముక్కలు

ఇవి తెలుసుకుని వెళ్తే గైడ్ టైమ్ మిగులుతుంది, లేకపోతే మొదటి అరగంట ఇదే చెప్తూ కూర్చుంటారు. ఇటలీలో నాప్లెస్ పక్కన వెసూవియస్ అగ్నిపర్వతం క్రీ.శ. 79లో పేలి ఈ ఊరిని పూడ్చేసింది. అంతకు ముందే 62లో పెద్ద భూకంపం వచ్చి సగం ఊరు దెబ్బతింది, దాని రిపేర్లు ఇంకా నడుస్తుండగానే ఇది వచ్చి పడింది. పుస్తకాల్లో ఆగస్టు 24 అని ఉంటుంది కానీ 2018లో ఒక ఇంట్లో గోడ మీద బొగ్గుతో రాసిన తేదీ బయటపడింది, మన లెక్కలో అక్టోబర్ 17 అవుతుంది, దాంతో పేలింది అక్టోబర్ లో అని ఇప్పుడు చాలామంది అంటున్నారు. తవ్వకాలు మొదలైంది 1748లో. మొత్తం ఊరు 66 హెక్టార్లు, అంటే మన లెక్కలో నూట అరవై ఎకరాల పైమాటే, అందులో మూడో వంతు ఇప్పటికీ మట్టి కిందే ఉంది.

నూట అరవై ఎకరాలు అన్నది గుర్తు పెట్టుకోండి. ఒక్క రోజులో అయ్యేది కాదు, అవ్వాల్సిన అవసరమూ లేదు.

గైడ్ ని ఎక్కడ పట్టుకోవాలి

గేటు దగ్గర మాత్రం పట్టుకోకండి. స్టేషన్ దిగగానే మెడలో ఏదో కార్డు వేసుకుని "ఇన్ఫర్మేషన్, ఇన్ఫర్మేషన్" అంటూ ఎదురొస్తారు, అది ప్రభుత్వ కౌంటర్ అనుకుంటాం, కాదు. మా ఫ్రెండ్ వాళ్ళు అలాగే ఒకాయన మాట నమ్మి "ఇదిగో ఇప్పుడే బయల్దేరుతున్నాం" అంటే డబ్బులిచ్చారు, ఇంకో పాతికమంది పోగయ్యేదాకా ముప్పావు గంట ఎండలో నిలబెట్టాడు, లోపల చెవిలో హెడ్ సెట్ పెట్టి పరుగో పరుగు. దాన్ని ప్రైవేట్ టూర్ అనరు.

ఇటలీలో గైడ్ పని చెయ్యాలంటే లైసెన్స్ ఉండాలి. పరీక్ష రాసి తెచ్చుకుంటారు, ఫోటో ఉన్న కార్డు మెడలో ఉంటుంది. మీరు మెయిల్ పెట్టేటప్పుడే "మీ లైసెన్స్ ఏ భాషకి ఉంది" అని మొహమాటం లేకుండా అడగండి, అసలైన వాళ్ళు అడిగితే సంతోషిస్తారు. బుకింగ్ సైట్ల ద్వారా కూడా దొరుకుతారు కానీ మధ్యలో వాళ్ళ కమిషన్ పోతుంది, పైగా చాలాసార్లు ఎవరు వస్తారో ముందు రోజు దాకా చెప్పరు. సొంత వెబ్ సైట్ ఉన్న లోకల్ గైడ్ లు, గైడ్ ల సంఘాలు ఉన్నాయి, నేరుగా రాస్తే ఒకట్రెండు రోజుల్లో జవాబిస్తారు. సమ్మర్ లో అయితే నెల ముందు, మిగతా టైమ్ లో రెండు వారాల ముందు రాస్తే చాలు.

రేటు తల లెక్కన కాదు, గ్రూపు లెక్కన. రెండు మూడు గంటలకి సుమారుగా నూట యాభై నుంచి రెండు వందల యాభై యూరోల మధ్య అడుగుతారు, సీజన్ ని బట్టి మారుతుంది. ఇద్దరికి అయితే బరువే, కానీ రెండు కుటుంబాలు కలిసి ఆరుగురు ఎనిమిది మంది వెళ్తే మామూలు గ్రూపు టూర్ కి అయ్యే ఖర్చుకి అటూ ఇటూగానే పడుతుంది. లోపలికి ఎంట్రీ టికెట్ మాత్రం దాదాపు ఎప్పుడూ వేరేగానే ఉంటుంది, అది రేటులో కలిసిందా లేదా రాతపూర్వకంగా అడిగి తెలుసుకోండి. "స్కిప్ ద లైన్" అని పెద్ద అక్షరాలతో రాసి ఎక్కువ రేటు పెడితే పడిపోకండి, ఆన్ లైన్ లో టికెట్ కొనుక్కుంటే ఎవరికైనా టికెట్ లైన్ తప్పుతుంది, సెక్యూరిటీ చెకింగ్ లైన్ ఎవరికీ తప్పదు.

మెయిల్ లో ఏం రాయాలి

అసలు టూర్ బాగుండటం బాగోకపోవడం ఇక్కడే తేలిపోతుంది. "పాంపే టూర్ కావాలి, నలుగురం" అని రాస్తే అందరికీ చూపించేదే చూపిస్తారు. నేను రాసింది ఇలా: మేము నలుగురం, ఒకరికి 68 ఏళ్ళు, మోకాళ్ళ నొప్పులు, ఇంగ్లీష్ కొంచెమే వచ్చు కాబట్టి నేను తెలుగులో చెప్తూ ఉంటాను, మధ్యమధ్యలో మీరు ఆగాలి. ఇంకొకాయన ఇరిగేషన్ డిపార్ట్ మెంట్ లో ఏఈగా చేసి రిటైరయ్యారు, నీళ్ళ పైపులంటే ఆయనకి ప్రాణం. మాకు గుళ్ళూ మహళ్ళూ కొంచెం తగ్గినా పర్లేదు, వంటిళ్ళు, అంగళ్ళు, వీధులు ఎక్కువ కావాలి. మేము వెజిటేరియన్, తర్వాత తినడానికి ఎక్కడికి వెళ్ళాలో చెప్పండి.

ఆవిడ రిప్లైలో ఒకే ప్రశ్న వేసింది, "మోకాళ్ళ నొప్పి మెట్లు ఎక్కడానికా, ఎగుడుదిగుడు నేల మీద నడవడానికా?" అని. ఆ ప్రశ్న చూసే నేను ఫిక్స్ అయిపోయాను, ఇంకెవరినీ వెతకలేదు.

పెద్దవాళ్ళు ఉంటే ఇంకో విషయం కూడా అడగండి. "అందరికీ పాంపే" అనే అర్థం వచ్చే పేరుతో వీల్ చైర్లు, పిల్లల బండ్లు వెళ్ళేలా నున్నగా చేసిన దారి ఒకటి ఉంది, మూడు కిలోమీటర్ల పైనే, యాంఫీథియేటర్ (చుట్టూ మెట్ల వరసలున్న పాత ఆటల మైదానం) వైపు గేటు నుంచి మొదలవుతుంది. ఎక్కువమంది పోర్టా మరీనా గేటు నుంచి వస్తారు, అక్కడ లోపలికి వెళ్ళగానే నున్నగా అరిగిన రాళ్ళ మీద ఏటవాలుగా ఎక్కుడు. మేము అందుకే యాంఫీథియేటర్ వైపు నుంచే వెళ్ళాం. జనం తక్కువ, ఎక్కుడు తక్కువ.

టికెట్లు, వాటి మీద పేర్లు

2024 నవంబర్ నుంచి రోజుకి 20,000 మందినే లోపలికి పంపుతున్నారు, టికెట్ మీద పేరు ఉంటుంది, గేటు దగ్గర పాస్ పోర్టు గానీ వేరే ఐడీ గానీ చూపించమనొచ్చు. ఇక్కడే మన తెలుగు వాళ్ళకి తలనొప్పి. ఇంటిపేరు ఒక బారు, పేరు ఇంకో బారు, కొంతమంది పాస్ పోర్టుల్లో ఇంటిపేరు గడి ఖాళీ, మా అత్తయ్యగారి పాస్ పోర్టులో అంతా కలిపి ఒకే గడిలో. పాస్ పోర్టులో ఎలా ఉంటే అలాగే అక్షరం పొల్లుపోకుండా టైప్ చెయ్యండి, ముద్దుపేర్లు, షార్ట్ కట్ లు వద్దు. గైడ్ టికెట్లు తీస్తానంటే పాస్ పోర్టు మొదటి పేజీ చూసి పేర్లు టైప్ చేసి పంపండి, ఫోన్ లో నోటితో చెప్పకండి, సుబ్బలక్ష్మి ఇటలీ వాళ్ళ చెవిలో పడి ఏమవుతుందో దేవుడికే తెలుసు.

పార్క్ వాళ్ళ అధికారిక సైట్ లోనే కొనండి. రెండు రకాలుంటాయి, ఊరు మాత్రమే చూసేది ఒకటి, ఊరి బయట విల్లాలతో కలిపి ఉండేది ఇంకొకటి. ఎర్ర రంగు గోడ బొమ్మలకి పేరున్న విల్లా ఆఫ్ మిస్టరీస్ చూడాలంటే రెండోది తీస్కోండి, కాకపోతే అది ఊరి బయటకి సమాధుల వీధి గుండా ఇంకో పావుగంట నడక. 18 ఏళ్ళ లోపు పిల్లలకి ఫ్రీ, కానీ వాళ్ళకీ టికెట్ తీసుకోవాలి. నెలలో మొదటి ఆదివారం అందరికీ ఫ్రీ, ఫ్రీ కదా అని ఆ రోజు మాత్రం వెళ్ళకండి, తిరపతి కొండ మీద శనివారం గుర్తొస్తుంది.

పెద్ద బ్యాగులు లోపలికి రానివ్వరు, 30 సెంటీమీటర్ల పొడవూ 30 వెడల్పూ దాటితే గేటు దగ్గర పెట్టి వెళ్ళాల్సిందే.

అక్కడికి చేరడం

నాప్లెస్ గరిబాల్డి స్టేషన్ కింద చిన్న లోకల్ రైలు ఒకటి ఉంటుంది, చిర్కుమ్ వెసూవియానా అంటారు. సొరెంతో వైపు వెళ్ళేది ఎక్కి "పాంపే స్కావి విల్లా దేయి మిస్తేరి" అనే స్టేషన్ లో దిగాలి, ముప్పై అయిదు నలభై నిమిషాలు. పాంపే పేరుతోనే ఇంకో లైన్ మీద ఇంకో స్టేషన్ ఉంది, అది ఇప్పటి ఊళ్ళోకి వెళ్తుంది. యాంఫీథియేటర్ గేటుకి అదే దగ్గర అన్నమాట, కాబట్టి ఏ గేటు దగ్గర కలుస్తామో గైడ్ తో తేల్చుకున్నాకే ఏ రైలో తేల్చుకోండి. రైల్లో జనం ఒత్తిడి ఎక్కువ, మన లోకల్ రైళ్ళలాగే, పర్సు ముందు జేబులో పెట్టుకోండి.

ఎనిమిదిన్నరకి గేటు దగ్గర ఉండేలా చూస్కోండి, తొమ్మిదికి తీస్తారు. ఎండాకాలం పదకొండు దాటితే లోపల నీడ అన్నది లేదు, ఇళ్ళకి పైకప్పులే లేవు కదా.

చెప్పులు: స్పోర్ట్స్ షూ. వీధులన్నీ వెసూవియస్ లావా రాయితోనే పరిచారు, రెండు వేల ఏళ్ళ నునుపు. మా అత్తయ్యగారు చీర మీదే వస్తానన్నారు, సరే అని కుచ్చిళ్ళు కొంచెం పైకి కట్టుకుని కింద మా ఆయన పాత షూ వేసుకున్నారు, ఎవరూ నవ్వలేదు, గైడ్ అయితే ఆ చీర వేలితో పట్టుకుని చూసి "ఇది ఎన్ని మీటర్లు" అని అడిగింది. నీళ్ళ బాటిల్ ఖాళీది చాలు, లోపల వీధి పంపుల్లో తాగే నీళ్ళు వస్తాయి.

లోపల: ఎక్కడ ఆగాలి

యాంఫీథియేటర్ దగ్గర ఎక్కువసేపు ఉండకండి. క్రీ.పూ. 70 నాటిది, రాతితో కట్టి ఇప్పటికీ నిలబడి ఉన్న వాటిలో ఇదే పాతది, ఇరవై వేల మంది పడతారు. క్రీ.శ. 59లో ఇక్కడ ఆట చూడ్డానికొచ్చిన పక్క ఊరు నూకేరియా వాళ్ళకీ పాంపే వాళ్ళకీ మాటా మాటా పెరిగి రాళ్ళు, కత్తులు దాకా వెళ్తే రోమ్ సెనేట్ పదేళ్ళు ఆటలు బంద్ చేసింది. ఈ కథ వినండి, ఒక ఫోటో తీస్కోండి, కదలండి.

దాని దగ్గర్లోనే పారిపోతూ పడిపోయిన వాళ్ళ తోట ఉంది, పదమూడు మంది. ఇక్కడ చాలామంది చేసే పొరపాటు, ఇవి రాయిగా మారిపోయిన మనుషులు అనుకోవడం. కాదు. బూడిద గట్టిపడ్డాక లోపల శరీరం కుళ్ళిపోయి ఆ ఆకారంలో ఖాళీ మిగిలింది, అలాంటి ఖాళీల్లోకి ప్లాస్టర్ పోయించి పైన బూడిద తీయించే పద్ధతి 1863లో జుసెప్పే ఫియోరెల్లి అనే ఆయన మొదలుపెట్టాడు. అంటే మనం చూసేది ఆ మనిషి లేని చోటు. మా గైడ్ ఇది చెప్పి ఇంకేం మాట్లాడలేదు, అత్తయ్యగారు దణ్ణం పెట్టుకునేదాకా ఆగింది. మంచి గైడ్ కి ఎక్కడ మాట్లాడకూడదో తెలుస్తుంది.

అక్కడి నుంచి అబ్బొందాన్సా వీధిలోకి వస్తే అసలు ఊరు మొదలవుతుంది. ఇక్కడ గైడ్ ని తొందర పెట్టకండి, మాకు ఈ ఒక్క వీధికే గంటన్నర పట్టింది.

మొదట గోడల మీద ఎన్నికల రాతలు అడగండి. సున్నం కొట్టిన గోడ మీద ఎర్ర రంగుతో, నల్ల రంగుతో "ఫలానా వాడిని ఎన్నుకోండి" అని. ఊరంతా కలిపి ఇలాంటివి రెండు వేల పైనే దొరికాయి. పోయిన ఏడాది రాత మీద సున్నం కొట్టేసి ఈ ఏడాది పేరు రాయడం, పళ్ళమ్మేవాళ్ళ సంఘం మద్దతు అని, ఫలానా వీధివాళ్ళ మద్దతు అని రాయడం, అచ్చం మన ఊళ్ళల్లో గోడలే. ఒక రాత అయితే "రాత్రి పొద్దుపోయేదాకా తాగేవాళ్ళందరూ వాతియానే గెలిపించమంటున్నారు" అని, ప్రత్యర్థులు రాయించి ఉంటారు. ఆడవాళ్ళకి ఓటు లేదు, అయినా అసెల్లీనా అనే ఆవిడ తిండి అంగడి గోడ మీద ఆడవాళ్ళ పేర్లతోనే ప్రచారం ఉంది. వాతియా సంగతి చెప్పగానే మా మావయ్యగారు ఎంత గట్టిగా నవ్వారంటే పక్క గ్రూపు వాళ్ళు ఆగి చూశారు.

తర్వాత తిండి అంగళ్ళు. ఎల్ ఆకారంలో గట్టు, గట్టులో గుండ్రటి బొక్కలు, బొక్కల్లో కుండలు పాతేసి ఉంటాయి. వెతూతియస్ ప్లాకిదస్ అనే ఆయన అంగడి దగ్గర తప్పకుండా ఆగండి, అందులో ఒక కుండలో మూడు కిలోల దాకా చిల్లర నాణేలు దొరికాయి, పాపం తీసుకెళ్ళే టైమ్ లేకపోయింది. కానీ మా వాళ్ళు అతుక్కుపోయింది దాని వెనక గోడ దగ్గర. అక్కడ దేవుడి గూడు ఉంది. రంగుల బొమ్మలు, వ్యాపారానికి మెర్క్యురీ, ద్రాక్ష సారాకి డయోనిసస్, మధ్యలో ఇంటి దేవతలు, అందరికీ కింద రెండు పాములు. "ఇదేంటే, నాగదేవత!" అన్నారు అత్తయ్యగారు. నేను గైడ్ కి చెప్తే ఆవిడ కళ్ళు మెరిశాయి, ఇళ్ళల్లో, అంగళ్ళల్లో ఇలాంటి గూళ్ళు చాలా ఉన్నాయని, పాము ఆ చోటుని కాపాడేదిగా వాళ్ళు కొలిచేవాళ్ళని చెప్పి, ఆ తర్వాత దారిలో ఎక్కడ గూడు కనపడ్డా ముందు అత్తయ్యగారినే పిలిచింది.

రొట్టెల బట్టీ. ఇలాంటివి ఊళ్ళో ముప్పై దాకా దొరికాయి, ఏదో ఒకటి చూస్తే చాలు. లావా రాయి తిరగలి మనిషంత ఎత్తు ఉంటుంది, కింద శంకు ఆకారంలో ఒక రాయి, దాని మీద నడుం సన్నగా ఉన్న డమరుకం లాంటి రాయి తొడిగి, కర్రలు దూర్చి గాడిదతో తిప్పేవాళ్ళు. గైడ్ ని గాడిద నడిచిన నేల చూపించమనండి. తిరగలి చుట్టూ మాత్రం వీధికి పరిచే గట్టి లావా రాయి పరిచి ఉంటుంది, మామూలు నేల అయితే గాడిద గిట్టలకి గుంట పడిపోతుందని. మొదెస్తస్ అనే ఆయన బట్టీలో 1862లో తలుపు తీస్తే 81 రొట్టెలు మాడి బొగ్గై అలాగే ఉన్నాయి, ఒక్కోటి ఎనిమిది ముక్కలుగా గాటు పెట్టినవి.

ఇక నీళ్ళు. ఇది మావయ్యగారి చాప్టర్. నాలుగు వీధులు కలిసే చోట్ల రాతి తొట్టి, దాని మీద చెక్కిన ముఖం, ముఖం నోట్లోంచి నీళ్ళు. గైడ్ ఆయన్ని పిలిచి తొట్టి అంచు మీద చెయ్యి పెట్టమంది. అంచులో ఒకచోట అరచేతి వెడల్పున రాయి తగ్గి ఉంది, నున్నగా. చెయ్యి ఆనించి ముందుకి వంగి నోరు పెట్టి తాగేవాళ్ళు, అందరూ అదే చోట చెయ్యి పెట్టారు. మావయ్యగారు అలాగే చెయ్యి పెట్టి వంగి చూశారు, సరిగ్గా సరిపోయింది. ఆయన ఇంకో రెండు నిమిషాలు ఆ చెయ్యి తియ్యలేదు.

కాలిబాట పక్కన సీసం పైపులు బయటకే కనపడుతుంటాయి. గుండ్రంగా పోత పోసినవి కావు, సీసం రేకుని చుట్టి పైన అతుకు వేశారు, అందుకే అడ్డంగా చూస్తే కొంచెం బేరిపండు ఆకారం. ఊళ్ళో ఎత్తైన చోటు వెసూవియస్ గేటు, కొండల మీద నుంచి వచ్చిన కాలువ అక్కడ ఒక గదిలోకి దిగి మూడు పాయలుగా చీలుతుంది. అక్కడి నుంచి ఊరంతా పల్లం, ప్రెషర్ ఎక్కువై పైపులు పగులుతాయని మధ్యమధ్యలో ఆరు మీటర్ల స్తంభాలు కట్టి వాటి మీద సీసం తొట్టెలు పెట్టారు, నీళ్ళు పైకెక్కి మళ్ళీ కిందకి దిగేలా. మావయ్యగారు నేల మీద గొంతుక్కూర్చుని అతుకు మీద వేలు పెట్టబోతే గైడ్ "నో నో, కళ్ళతోనే" అంది, ఆయన చెయ్యి వెనక్కి తీసుకుని "సీసం విషం కదమ్మా, అడుగు ఆవిణ్ణి" అన్నారు. అడిగాను. ఆ నీళ్ళల్లో సున్నం ఎక్కువ, పైపు లోపల పొర కట్టేస్తుంది, సీసం నీళ్ళకి తగలడం దాంతో తగ్గుతుంది అని చెప్పింది. ఆయన తల ఊపి "మా రాజమండ్రి గీజర్లలో లాగా" అన్నారు, అది నేను అనువాదం చెయ్యలేకపోయాను.

వీధి దాటే రాళ్ళు, బండి చక్రాల గాళ్ళు అందరు గైడ్ లూ చూపిస్తారు. మీరు అడగాల్సింది "ఈ వీధి ఎటు నుంచి ఎటు వన్ వే?" అని. కాలిబాట అంచు రాళ్ళు ఏ పక్క అరిగాయో చూసి బండ్లు ఎటు తిరిగేవో చెప్పొచ్చు. అలాగే రాళ్ళ మధ్య తెల్లటి చిన్న ముక్కలు గుచ్చి ఉంటాయి, రాత్రి వెన్నెల్లో మెరిసి దారి కనపడటానికని చెప్తారు.

ఫోరమ్ (ఊరి పెద్ద చౌక్) కి చేరేసరికి అందరూ అలిసిపోతారు, దగ్గర్లో క్యాంటీన్, టాయిలెట్లు ఉన్నాయి, ముందు అక్కడ కూర్చోండి. తర్వాత ఒక్కటి చూడండి చాలు, అపోలో గుడి పక్కన గోడలో కొలతల బల్ల. రాతి బల్లకి రకరకాల సైజుల్లో గుంటలు, అడుగున బొక్క. ధాన్యం గుంటలో పోసి కొలిచి కింద బొక్కలోంచి సంచిలోకి వదిలేస్తారు. ముందు స్థానిక ఓస్కన్ కొలతలు ఉండేవి, తర్వాత రోమ్ కొలతలకి సరిపోయేలా గుంటలు పెద్దవి చేశారు. మానిక, సోల, గిద్ద తెలిసిన వాళ్ళకి దీనికి గైడ్ అక్కర్లేదు, అత్తయ్యగారే నాకు చెప్పారు.

ఓపిక ఉంటే పక్కనే ఫోరమ్ స్నానశాల. వేడి గది కప్పు చూడండి, నిలువు గీతలు గీసినట్టు గాళ్ళు ఉంటాయి. ఆవిరి చల్లారి చుక్కలైతే నెత్తిన పడకుండా ఆ గాళ్ళ వెంట గోడ మీదకి జారిపోవాలని.

పిల్లలు, పెద్దలు, కొన్ని ఇబ్బందులు

ఊళ్ళో లుపానార్ అని ఒక చోటు ఉంది, వేశ్యల ఇల్లు. చిన్న గదులు, రాతి మంచాలు, పైన బొమ్మలు. అన్ని టూర్లలోనూ ఉంటుంది, లైన్ కూడా అక్కడే ఎక్కువ. అత్తమామలతో వెళ్తున్నారా, పిల్లలతో వెళ్తున్నారా, మెయిల్ లోనే "అది వద్దు" అని రాసేయండి. వెత్తీల ఇల్లు ఇరవై ఏళ్ళ తర్వాత 2023లో మళ్ళీ తెరిచారు, గోడ బొమ్మలు అద్భుతం, కానీ గుమ్మంలోనే ఒక దేవుడి బొమ్మ ఉంటుంది, తన అంగాన్ని త్రాసులో తూకం వేస్తూ. గైడ్ నాకు ముందే చెవిలో చెప్పింది. నేను అత్తయ్యగారిని తోట వైపు చూపిస్తూ తీసుకెళ్ళాను, ఆవిడ తాపీగా "చూశాలే, దిష్టి తగలకుండా పెట్టుంటారు" అన్నారు. నిజానికి పండితులు చెప్పేది కూడా అదే.

డబ్బులు, టిప్

టూర్ అయ్యాక మిగతా డబ్బు క్యాష్ ఇచ్చినా కార్డ్ ఇచ్చినా రసీదు అడగండి. టిప్ తప్పనిసరి కాదు. మేము ఇరవై యూరోలు ఇచ్చాం, అనుకున్న దానికన్నా అరగంట ఎక్కువ ఉంది కాబట్టి. నచ్చితే మంచి రివ్యూ రాయండి, సొంతంగా చేసుకునే గైడ్ లకి దాని విలువ ఎక్కువ.

మర్నాడు నాప్లెస్ మ్యూజియం

పాంపేలో దొరికిన మంచివి చాలామటుకు నాప్లెస్ ఆర్కియాలజీ మ్యూజియంలో ఉన్నాయి, ఊళ్ళో మీరు చూసే అలెగ్జాండర్ మొజాయిక్ (రంగు రాళ్ళ ముక్కలు పేర్చి చేసిన బొమ్మ) లాంటివి కాపీలు. అదే రోజు పెట్టుకోకండి, కాళ్ళు రావు. మంగళవారం మూసేస్తారు, మేము మంగళవారమే వెళ్ళి తాళం చూసి వచ్చి, బుధవారం మళ్ళీ వెళ్ళాం.

అక్కడ సీక్రెట్ కేబినెట్ అనే గది ఉంది. పాంపేలో దొరికిన శృంగారం బొమ్మలు చాలా అందులో పెట్టారు, దాంతో చాలామంది మనవాళ్ళు గుమ్మం నుంచే వెనక్కి తిరుగుతారు. కానీ మన దేశం బొమ్మ ఉన్నదీ ఆ గదిలోనే. జానెడు కన్నా కాస్త పెద్దది, దంతపు స్త్రీ బొమ్మ, మెడనిండా హారాలు, చేతులనిండా గాజులు, కాళ్ళకి కడియాలు, అటూ ఇటూ ఇద్దరు చెలికత్తెలు. 1938లో అబ్బొందాన్సా వీధి పక్క ఇంట్లో దొరికింది. లక్ష్మి అన్నారు, తర్వాత యక్షి అయ్యుండొచ్చు అన్నారు. తల పైన బొక్క ఉంది కాబట్టి ఏదో అద్దానికి పిడిగానో బల్లకి కాలుగానో ఉండొచ్చు. ఇలాంటి బొమ్మలే మహారాష్ట్రలో తేర్ లోనూ భోకర్దన్ లోనూ దొరికాయి, అప్పట్లో అదంతా శాతవాహనుల సీమ. మన నల్గొండ జిల్లా భూముల్లో రోమన్ నాణేలు దొరకడం, ఇక్కడ ఈ బొమ్మ దొరకడం, ఒకే వ్యాపారానికి రెండు కొసలు.

అద్దం పెట్టె ముందు అత్తయ్యగారు చాలాసేపు నిలబడి "గాజులు చూడు, మోచేతి దాకా, మన లంబాడీ వాళ్ళు వేసుకున్నట్టు" అన్నారు.

పద్నాలుగేళ్ళ లోపు పిల్లల్ని పెద్దవాళ్ళు తోడుంటేనే ఆ గదిలోకి పంపుతారు. తీసుకెళ్ళడం ఇష్టం లేకపోతే ఒకరు పిల్లలతో బయట బెంచీ మీద ఆగి వంతులేసుకుని వెళ్ళండి, గది చిన్నదే, పది నిమిషాలు చాలు.